ఒక చెయ్యి రాతికి, ఒక చెయ్యి మొహానికి

"మీ చిన్నాయన లేస్తలేడు బిడ్డా. చాయ్ తాగిండు, జర ఒరుగుత అన్నడు. ఎంత లేపినా లేస్తలేడు."

పోయిన వారం పొద్దున్నే చిన్నమ్మ ఫోన్లో చెప్పింది ఇంతే. నేనప్పుడు సూరత్‌లో మున్సిపాలిటీ పూల్ గట్టు మీద, రైల్వే డ్యూటీకి ముందు పిల్లలకు ఈత నేర్పుతూ, మెడలో ఈలతో నిలబడి ఉన్నాను. ఆమె మాటల్లో చావు అన్న మాట లేదు. అయినా తెలిసిపోయింది. తడి బట్టల మీదే చొక్కా వేసుకుని ఖటోదరాలోని వాళ్ల ఇంటికి పోయేసరికి చిన్నాయన చాప మీద గోడవైపు తిరిగి పడుకుని ఉన్నాడు. తలదగ్గర చాయ్ సాసర్, అందులో ఇంకా ఒక గుక్క. డాక్టర్ వచ్చి చూసి గుండె అన్నాడు. వచ్చినవాళ్లలో ఎవరో అదృష్టవంతుడు, బాధపడకుండా పోయాడన్నారు. నాకు కోపం వచ్చింది. ఆయన ఎంత బాధపడ్డాడో వాళ్లకేం తెలుసు?

చిన్నాయన అంటే మా నాన్న తమ్ముడు. సిరిసిల్ల దగ్గరి ఊరి నుంచి అన్నదమ్ములిద్దరూ సాంచెల మీద పనికి సూరత్ వచ్చారు. మరమగ్గాలను మావాళ్లు సాంచెలంటారు. నేను ఇక్కడే పుట్టి ఇక్కడే పెరిగాను. చిన్నాయనకు పిల్లలు లేరు. కాబట్టి నేను ఇద్దరు తండ్రుల కొడుకునన్నమాట. ఒక తండ్రి బడికి పంపాడు, ఒక తండ్రి నీళ్లలో దింపాడు.

ఇలాంటి మనిషి గురించి రాయడానికి ఏముందని మీకు అనిపించవచ్చు. ఈత పోటీల్లో ఆయన పేరు ఎక్కడా లేదు. నా పేరు ఒకసారి పెద్ద బోర్డు మీద కనబడింది, దాని పక్కనే అనర్హుడని కూడా కనబడింది. ఆ మాట నా మీద పడింది, కానీ మోసింది ఆయన. ఏళ్లకేళ్లు మోశాడు. దాన్ని ఆయన భుజం మీది నుంచి దించడానికి నేను చేయని ప్రయత్నం లేదు. అందుకే ఈ నాలుగు మాటలు.

మొదట ఆయన గొంతు గురించి చెప్పాలి. సాంచెల చప్పుడులో బతికినవాళ్లకు మెల్లగా మాట్లాడటం రాదు. చిన్నాయన చెవుల్లో దూది పెట్టుకుని పనిచేసేవాడు, ఇంటికొచ్చాక తియ్యడం మరిచిపోయేవాడు. చిన్నమ్మతో గుట్టుగా చెప్పాలనుకున్న మాట కూడా గల్లీ చివరి పాన్ డబ్బా దాకా వినబడేది. చిన్నమ్మ తలకొట్టుకునేది. చాయ్ మటుకు సాసర్‌లో పోసుకుని, ఊదుకుంటూ, లోకంలో ఇంకే పనీ లేనట్టు తాగేవాడు. ఆ కాసేపే ఇల్లు నిశ్శబ్దంగా ఉండేది.

సెలవురోజున నన్ను సైకిల్ మీద కూర్చోబెట్టుకుని కామ్‌రేజ్ దగ్గర తాపీ నది ఒడ్డుకు తీసుకుపోయేవాడు. అక్కడ నీళ్లలోకి దిగే రాతిమెట్లున్నాయి. నా నడుముకు మూతపెట్టిన ఖాళీ నూనె డబ్బా కట్టి నీళ్లలోకి వదిలేవాడు. మా ఊళ్లో అయితే బెండ్లు కట్టి బావిలో నేర్పేవారట. ఆయన నేర్చుకున్నది అలాగే. ఆయనకు వచ్చింది ఒక్క కప్ప ఈతే. తల పైకి, మోకాళ్లు విప్పి, రెండు కాళ్లూ ఒక్కసారి వెనక్కి తన్నడం.

"నీళ్లతోని కొట్లాడకురా. జర పక్కకు జరుగుమని చెప్పు, జరుగుతయ్," అనేవాడు.

నేను చేతులు కొట్టుకుంటుంటే మెట్టు మీద కూచుని నవ్వేవాడు. "కప్పకు తొందర ఉండదు బిడ్డా. దుంకుడు ఉంటది."

ఇంకో మాట కూడా ఉంది. ఒడ్డుకు చేరగానే ఏం చెయ్యాలో ఆయన మొదటి రోజే నేర్పాడు. "ఒక్క చేత్తోని రాయి పట్టు. ఇంకో చేత్తోని మొగం తుడుసుకో. అప్పుడే కండ్లు కనవడ్తయ్, అప్పుడే మెట్టు కనవడ్తది." బావిలో ఈదినవాళ్లందరూ అంతే. పాచిపట్టిన రాయి జారకుండా ఒక చెయ్యి, కళ్లలో నీళ్లు తీసుకోవడానికి ఒక చెయ్యి. తరతరాలుగా మా ఊరి బావుల్లో ఎవరూ మునిగిపోకుండా కాపాడిన అలవాటది. చాలా మంచి అలవాటు. పోటీలో పనికిరాదంతే.

నాకు పదేళ్లు దాటాక ఆయనే నన్ను మున్సిపాలిటీ పూల్‌కు తీసుకుపోయి చేర్పించాడు. అక్కడి కోచ్ సార్ గుజరాతీ మనిషి, ఉద్యోగంలోంచి రిటైర్ అయ్యి పిల్లలకు నేర్పేవారు. ఆయన నా కాళ్లు చూసి ఆగిపోయారు. ఈ తన్ను ఎవరు నేర్పారని అడిగారు. నేను గ్యాలరీలో నిలబడ్డ చిన్నాయనను చూపించాను. చిన్నాయన భయపడి, తప్పేదో జరిగిందనుకుని నమస్కారం పెట్టాడు. సార్ నన్ను బ్రెస్ట్‌స్ట్రోక్‌లో వేశారు. అది మన కప్ప ఈతకు పెద్దన్న లాంటిది. కాకపోతే దానికి నియమాలున్నాయి. అన్నిటికన్నా కఠినమైన నియమం గోడ దగ్గర. మలుపు తిరిగేటప్పుడైనా, పోటీ ముగించేటప్పుడైనా రెండు చేతులూ ఒకేసారి గోడను తాకాలి. ఒక చెయ్యి ముందు, ఒక చెయ్యి వెనక అయితే ఈదిందంతా కొట్టేస్తారు. ప్రతి గోడ దగ్గరా ఒక జడ్జి వంగి చూస్తూనే ఉంటాడు.

నేను మొదటిరోజు గోడ దగ్గరికి వచ్చి ఒక చెయ్యి ఆనించి, ఇంకో చేత్తో మొహం తుడుచుకున్నాను. సార్ నవ్వారు. "దోనో హాథ్, బేటా. దోనో హాథ్." రెండు చేతులూ. ఆ మాట ఆయన నాకు ఎన్ని వందలసార్లు చెప్పారో లెక్కలేదు. ఏడాది తిరిగేసరికి నా చేతులు జంటగా పోవడం నేర్చుకున్నాయి. గ్యాలరీలోంచి చిన్నాయన కూడా అందుకునేవాడు, సాంచెల నడుమ అరిచినట్టు అరిచేవాడు. "దోనో ఆత్ బిడ్డా, దోనో ఆత్!" పూల్ అంతా ఆయన వైపు తిరిగి చూసేది. నాకు సిగ్గేసేది. ఇప్పుడు ఆ అరుపు ఒక్కసారి వినబడితే బాగుండుననిపిస్తోంది.

జిల్లా, రాష్ట్రం, దేశం. ఒక్కో మెట్టూ ఎక్కి నేను విదేశంలో జరిగే ఆసియా దేశాల పోటీల దాకా పోయాను. పురుషుల బ్రెస్ట్‌స్ట్రోక్, రెండువందల మీటర్లు. నేను ఈదే రోజున ఇక్కడ కార్ఖానాలో ఏం జరిగిందో నేను చూడలేదు. తరువాత చిన్నమ్మా, చిన్నాయనతో పనిచేసేవాళ్లూ చెప్పగా విన్నాను. సూరత్‌లో సాంచె ఆగాలంటే కరెంటు పోవాలి, లేదా దీపావళి రావాలి. ఆ రోజు సేఠే స్వయంగా వచ్చి ఆపేయించాడట. ఎవరిదో ఫోన్‌ను నూలు చుట్టిన బీమ్ మీద నిలబెట్టి అందరూ చుట్టూ చేరారు. చిన్నాయన చెవుల్లో దూది తీసేశాడు.

నా హీట్‌లో, అంటే తొలి రౌండులో, నేను రెండోవాడిగా గోడ తాకాను. ఫైనల్‌కు చేరినట్టే లెక్క. కార్ఖానా దద్దరిల్లిందట. చిన్నాయన ఎవరి మాటా వినకుండా రోడ్డు మీదికి పరుగెత్తి దూద్‌పేడాల డబ్బా కొనుక్కొచ్చాడు. ఆయన వెళ్లి వచ్చే లోపల బోర్డు మారింది. నా పేరు పక్కన సమయం పోయి, అనర్హుడన్న గుర్తు వచ్చింది. చివరి మలుపు దగ్గర నా ఎడమచెయ్యి కుడిచెయ్యి కన్నా ఆలస్యంగా గోడను తాకింది.

ఆయన ఒక్కొక్కరి నోట్లో పేడా పెడుతూ పోయాడు. ఎవరికీ చెప్పడానికి నోరు రాలేదు. చివరికి పక్క సాంచె మీద పనిచేసే ఒడియా అతను పేడా చేతిలోనే పట్టుకుని, "కాకా, ఉస్‌కో కాట్ దియా," అన్నాడట. అతన్ని పోటీలోంచి కొట్టేశారని.

"ఎందుకు?" అని అడిగాడు చిన్నాయన.

"హాథ్," అన్నాడతను.

చిన్నాయన డబ్బా బీమ్ పక్కన పెట్టి, తన రెండు చేతులూ చూసుకుంటూ కూర్చున్నాడట.

నేను తిరిగివచ్చిన రోజు స్టేషన్‌కు నాన్నా ఆయనా వచ్చారు. నాన్న నన్ను కావలించుకున్నాడు. చిన్నాయన నా బ్యాగు అందుకుని ముందు నడిచాడు. ఆటోలో ఎక్కాక, అంత చప్పుడులోనూ జీవితంలో మొదటిసారి మెల్లగా మాట్లాడాడు.

"గది నీ చెయ్యి కాదు బిడ్డా. నా చెయ్యి."

నాకు వెంటనే అర్థం కాలేదు. అర్థమయ్యాక నవ్వబోయాను. ఆయన మొహం చూసి ఆగిపోయాను.

"ఊకో చిన్నాయనా. గా అలవాటు ఎన్నడో పోయింది. సార్ పోగొట్టిండు."

"ఏడికి పోతది? ఫస్టు నేర్సింది ఏడికి పోతది? నేను బాయిల చెయ్యి నేర్పిన నీకు. గదే వచ్చింది."

నాకు తెలిసింది చెబుతాను. ఆ మలుపు దగ్గరికి వచ్చేసరికి నా భుజాలు అయిపోయాయి. అలసినప్పుడు చేతులు విడిపోతాయి. బావి మొహం చూడనివాళ్లకు కూడా విడిపోతాయి, పెద్ద పెద్ద వాళ్లకే విడిపోయాయి. కోచ్ సార్ ఇంటికి వచ్చి మరీ చిన్నాయనకు ఇదే చెప్పారు. చిన్నాయన "హా సాబ్, హా సాబ్" అన్నాడు, చాయ్ ఇచ్చాడు, గల్లీ చివరిదాకా సాగనంపి వచ్చాడు. ఒక్క ముక్క నమ్మలేదు. నేను ఇంకోలా కూడా చెప్పి చూశాను. పోనీ నీదే అనుకో, ఆ చెయ్యే లేకపోతే నేను ఆ నీళ్లదాకా పోయేవాణ్నే కాదు కదా అన్నాను. ఈతే కదా నాకు రైల్వేలో స్పోర్ట్స్ కోటా ఉద్యోగం ఇచ్చింది, నువ్వు నేర్పినదే కదా నేను తింటున్నది అన్నాను.

"నౌకరి ఏరే, గది ఏరే," అన్నాడు. అంతటితో ఆ మాట ముగిసేది.

అప్పటినుంచి ఆయన నీళ్లలో దిగలేదు. సెలవురోజున సైకిల్ బయటికి రాలేదు. నేను తాపీకి పోదామంటే మోకాళ్లు నొప్పి అనేవాడు. మొదట్లో అది సాకు, తరువాత నిజమే అయ్యింది.

దానికి బదులు ఒక కొత్త అలవాటు వచ్చింది. షిఫ్టు ముగిసి ఇంటికి రాగానే, చెప్పులు విడవకముందే, గుమ్మం పక్క గోడకు రెండు అరచేతులూ ఒక్కసారి ఆనించేవాడు. ఒక క్షణం అలా ఉండి, అప్పుడు లోపలికి వచ్చేవాడు. చాలామంది అది ఏదో మొక్కు అనుకున్నారు. పక్కింటి గుజరాతీ ఆవిడ అయితే ఏ దేవుడికని చిన్నమ్మను అడిగింది కూడా. సాంచె నూనె అంటిన చేతులు కావడంతో ఆ చోట సున్నం మీద రెండు నల్లటి మచ్చలు పడ్డాయి, ఒకే ఎత్తున, పక్కపక్కన. చిన్నమ్మ ప్రతి దసరాకూ సున్నం వేయించేది. నెల తిరగకుండానే మచ్చలు మళ్లీ లేచేవి.

"గా నూనె చేతులు గోడకు ఎందుకు రాస్తవు? కడుక్కోని రాయరాదు?" అని ఆమె తిట్టేది. ఆయన చెవుల్లో దూది ఉంది కాబట్టి వినబడనట్టు ఉండేవాడు.

ఒకరోజు నేనే అడిగాను. గోడ దగ్గర ఆయన వెనకాలే నిలబడి ఉన్నాను.

"అలవాటు చేసుకుంటున్న," అన్నాడు.

"ఇప్పుడెందుకు?"

"రేపు ఎవలకన్న మల్ల నేర్పాల్సొస్తే? తప్పు నేర్పొద్దు గద."

ఆ తరువాత ఆయన ఎవరికీ ఈత నేర్పలేదు. అడిగినవాళ్లు లేక కాదు. నా దగ్గరికి పంపేవాడు. గోడ మీద మటుకు రోజూ చేతులు ఆనించాడు. నేతపనివాడి రెండు చేతులు ఎప్పుడూ ఒకే పని చెయ్యవు. ఒక చెయ్యి తెగిన పోగు వెతుకుతుంటే ఇంకో చెయ్యి సాంచె ఆపుతుంది. జీవితమంతా అలా వేరువేరుగా బతికిన చేతులను ఆ వయసులో జంటగా నడిపించాలని చూశాడు. నా కోసం.

చివరికి నీళ్లలోకి ఆయనను పంపింది డాక్టరే. పోయిన చలికాలం మోకాళ్లు అరిగి ఆయన పని మానేశాడు. నేల మీద కాదు, నీళ్లలో నడవమన్నాడు డాక్టర్. ఈ ఎండాకాలం మొదట్లో నేను ఆయనను పూల్‌కు తీసుకుపోయాను. టోపీ లేనిదే దిగనివ్వరు. రబ్బరు టోపీ పెట్టించుకుంటూ, "ఏందిరా ఇది, తలకాయకు బనీను తొడిగినట్టు," అన్నాడు. అక్కడ పనిచేసేవాళ్లందరూ నవ్వారు. ఎన్నో ఏళ్ల తరువాత పూల్‌లో ఆయన గొంతు వినబడటం నాకు చాలా సంతోషంగా ఉండింది.

కొన్నిరోజులు నడుముదాకా నీళ్లలో కడ్డీ పట్టుకుని నడిచాడు, అంతే. ఈదమని నేను అడగలేదు. అడిగితే కడ్డీ కూడా వదిలి ఇంటికి పోయేవాడు. ఒకరోజు నేను గట్టు మీద లేన్ తాళ్లు సర్దుతున్నాను. తల తిప్పి చూసేసరికి కడ్డీ దగ్గర ఆయన లేడు. పూల్‌కు అడ్డంగా అవతలి గోడవైపు పోతున్నాడు. తల పైకి, గడ్డం నీళ్లకు ఆని, మోకాళ్ల నొప్పి ఉందో లేదో తెలియనట్టు రెండు కాళ్లూ ఒక్కసారి తన్నుతూ పోతున్నాడు. నేను ఉన్నచోటే నిలబడిపోయాను. పిలిస్తే ఆగిపోతాడని భయం.

ఆయన గోడదాకా పోయాడు. కానీ గోడను పట్టుకోలేదు. బారెడు దూరంలో ఆగి, నీళ్లలోనే కాళ్లాడిస్తూ తేలుతున్నాడు. ఆయాసం వచ్చిందేమోనని నేను అటువైపు పరుగెత్తాను. ఆయాసం కాదు. ఆయన గోడను చూస్తున్నాడు, తన చేతులను చూస్తున్నాడు, మళ్లీ గోడను చూస్తున్నాడు.

"ఎట్ల పట్టాలె బిడ్డా?" అన్నాడు.

నేను గట్టు మీద మోకాళ్ల మీద కూర్చున్నాను.

"ఎట్ల రానొస్తే గట్లనే పట్టు."

"రెండా?"

"ఒక్కటి చాలు చిన్నాయనా. నాకు తాపీల నేర్పినవు సూడు, గట్ల."

తరువాత ఆయన కుడిచెయ్యి చాచి గోడను పట్టుకున్నాడు. ఎడమచేత్తో మొహం తుడుచుకున్నాడు. ఆ చెయ్యి మొహం మీది నుంచి చాలాసేపు తియ్యలేదు. నీళ్లు తుడుచుకోవడానికి అంతసేపు పట్టదు. నేను గోడ మీది ఆయన చెయ్యి మీద నా చెయ్యి వేశాను.

"ఈ నీళ్లల మందు ఎక్కువేసిన్రు," అన్నాడు చివరికి. "కండ్లు మండుతున్నయ్."

"అవును," అన్నాను. "రేపు చెప్త వాళ్లకు."

ఆ రోజు ఇంటికి పోయేటప్పుడు ఆయన ఆటోలో మామూలుగా, అంటే ఊరంతా వినబడేలా మాట్లాడాడు. మా ఊరి బావి ఎంత లోతో, పై మెట్టు మీది నుంచి ఎవరెవరు దూకేవారో చెప్పాడు. ఆ మలుపు గురించి గానీ, ఆ చెయ్యి గురించి గానీ ఏమీ అనలేదు. ఆయన మనసులో ఏమైందో నాకు తెలియదు. తెలుసుకునే లోపలే వానలు మొదలయ్యాయి, పూల్‌కు రావడం తగ్గింది, పోయిన వారం ఆ ఫోన్ వచ్చింది.

తాపీ ఒడ్డున దహనం చేసి, అక్కడే స్నానం చేసి ఇంటికి వచ్చాం. గుమ్మం దగ్గర చిన్నమ్మ కూర్చుని ఉంది. గోడ మీద మచ్చలు అలాగే ఉన్నాయి, కాకపోతే బాగా వెలిసిపోయి ఉన్నాయి. దశదినం లోపు సున్నం వేయిస్తానని నాన్న అంటున్నాడు. నేను వద్దనబోతుంటే చిన్నమ్మ తల ఎత్తింది.

"గవి పాతయిరా," అంది. "పని బందు వెట్టినంక గుడ ఇడువలె, బయటికి పోయొచ్చిన ప్రతిసారి గోడకు ఆనిచ్చుడే. మొన్న ఎండకాలం నీతోని పూల్‌కు వోయి ఒకనాడు నవ్వుకుంట వచ్చిండు సూడు, గప్పటిసంది గోడ ముట్టుకోలె. సక్కగ ఇంట్లకు వచ్చేటోడు. నేను గుడ అడుగలే, యాదికొస్తే మల్ల మొదలు వెడ్తడని."

లోపలికి పొమ్మని వెనకనుంచి నాన్న అన్నాడు. తల మీది నుంచి తాపీ నీళ్లు ఇంకా కారుతున్నాయి, కళ్లకు ఏమీ ఆనడం లేదు. నేను కుడిచెయ్యి చాచి ఆ మచ్చలలో ఒకదాని మీద ఆనించాను. ఎడమచేత్తో మొహం తుడుచుకున్నాను. అప్పుడు గుమ్మం కనబడింది.